జముకు నోట తిత్లీ రాత్రి: నాలుగు నెలల ప్రాజెక్టు డైరీ

జూన్ 22

మొన్న బడి వదిలాక తోట దారిలో నా వెంట నడుస్తున్న మూడో తరగతి పిల్లవాడు ఒక ప్రశ్న వేశాడు. "మాస్టారూ, మన ఊళ్ళో కొబ్బరి చెట్లన్నీ ఒకే ఎత్తులో ఎందుకున్నాయి? రాజాంలో మా అమ్మమ్మ పెరట్లో ఒకటి ఆకాశమంత ఉంది, ఒకటి నా అంత ఉంది."

వాడు పుట్టింది 2017లో. 2018 అక్టోబరు 11 తెల్లవారుజామున తిత్లీ తుపాను పలాస దగ్గర తీరం దాటినప్పుడు ఇంకా ఒడి దిగని పసివాడు. గంటకు 140, 150 కిలోమీటర్ల వేగంతో వీచిన గాలి మా ఉద్దానం తోటలను ఒక్క రాత్రిలో నేలకు పరిచేసింది. ఇప్పుడు కనిపిస్తున్నవి ఆ తర్వాత నాటిన మొక్కలు. అందుకే అన్నీ ఒక ఈడువి. ఇదంతా వాడికి చెప్పాను. "ఓహో" అని, రాలిన మామిడికాయ కనిపిస్తే ఏరుకోవడానికి పరుగెత్తాడు.

తప్పు వాడిది కాదు. నేను తేదీ, వేగం, నష్టం చెప్పాను. వాడి నాయనమ్మ ఆ రాత్రి వాడిని పొట్టకు కట్టుకుని వంటింటి అరుగు కింద దూరిన సంగతి చెప్పలేదు. ఆ సంగతి ఊళ్ళో అందరికీ తెలుసు. అయినా ఎవరూ ఎవరికీ చెప్పుకోవడం లేదు.

రెండు రోజులుగా ఇదే ఆలోచన. ఆ రాత్రిని జముకుల కథగా, అంటే జముకు అనే తోలు వాయిద్యం వాయిస్తూ చెప్పే కథగా కట్టాలి. అందుకు రెండు జముకులు కొత్తగా చేయించాలి. అక్టోబరు 11 రాత్రి రచ్చబండ దగ్గర చెప్పించాలి. చేతిలో పదహారు ఆదివారాలు ఉన్నాయి.

జముకే ఎందుకంటే, శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల్లో కళారూపాలకు కొదవ లేదు కానీ ఒక్కోదాని పని వేరు. తప్పెటగుళ్ళు నాకు ప్రాణం. గుండ్రటి తప్పెటను ఛాతీకి కట్టుకుని, కాళ్ళకు గజ్జెలతో పదిహేను ఇరవై మంది ఒక్క అడుగు వేస్తే నేల అదురుతుంది. కానీ అది యాదవుల కుటుంబాల్లో ఏళ్ళ తరబడి సాధన చేసి నిలబెట్టుకున్న విద్య, నాలుగు నెలల్లో అందేది కాదు. తూర్పు భాగవతానికి వేషాలు కావాలి, గొంతులు కావాలి. జముకుల కథకు ఒక కథకుడు, వంత పాడేవాళ్ళు ఇద్దరు, ఒక జత తాళాలు ఉంటే చాలు. వీధి అరుగు మీద నిలబడి చెప్పవచ్చు. వినేవాళ్ళ ముఖాలు కథకుడికి చేయి చాపితే అందేంత దగ్గరగా ఉంటాయి. నాకు ఆ దగ్గరతనమే కావాలి.

పైగా ఈ నేలకు జముకుతో పాత అనుబంధం. 1960ల చివర శ్రీకాకుళం రైతాంగ పోరాట కాలంలో బొడ్డపాడుకు చెందిన సుబ్బారావు పాణిగ్రాహి గుడిలో పూజారిగా ఉంటూనే ఉద్యమ విషయాలను జముకుల కథగా కట్టి ఊరూరా వినిపించారు. 1969లో ఎన్‌కౌంటర్‌లో మరణించారు. ఆయన రాజకీయాలతో ఏకీభవించని పెద్దలు కూడా ఆ కథ చెప్పిన తీరును ఇప్పటికీ తలుచుకుంటారు. అచ్చయిన కరపత్రం చదవలేని ఇంటికి కూడా జముకు చేరింది.

జూన్ 29

కథకుడు దొరికాడు. పక్క ఊరి తాత. వయసు డెబ్బై దాటింది. వాళ్ళ నాన్న, తాత ఎల్లమ్మ కథ చెప్పినవాళ్ళు. అమ్మవారి పండుగలకు రాత్రంతా చెప్పేవారట. ఈయన చివరిసారి కథ చెప్పి ఎనిమిదేళ్ళయింది. జముకు ఏమయిందని అడిగితే ఇంటి చూరు వైపు చూపించాడు. ఆ చూరు ఇప్పుడు లేదు, డాబా ఉంది. "పాకతో పాటే పోయింది బాబూ. తిత్లీలో" అన్నాడు.

తిత్లీ కథ కట్టాలన్న నా మాటకు వెంటనే ఒప్పుకోలేదు. "ఏడుపు కథలు నేను చెప్పను" అన్నాడు. ఎల్లమ్మ కథలో ఏడుపు లేదా తాతా అని అడిగాను. "ఉంది. కానీ ఎల్లమ్మ గెలుస్తుంది" అన్నాడు. కాసేపు చుట్ట పట్టుకుని కూర్చుని, "సరే, గెలిచింది ఎవరో నువ్వు తేల్చుకుని రా" అన్నాడు.

డబ్బు సంగతి ముందే మాట్లాడాను. ప్రతి ఆదివారం వచ్చినందుకు ఒక రోజు కూలికి తగ్గకుండా ఇవ్వాలని, కథ చెప్పిన రోజు సంభావన వేరుగా ఇవ్వాలని నిర్ణయం. కళ పేరు చెప్పి కళాకారుడిని ఉచితంగా తిప్పుకోవడం నేను చాలాసార్లు చూశాను. ఈ పనిలో అది జరగకూడదు.

జూలై 6

కర్ర దొరికింది. దీని గురించి కాస్త వివరంగా రాయాలి.

జముకు చూడటానికి చిన్న కుంచం లాంటి వాయిద్యం. రెండు వైపులా తెరిచి ఉన్న గుండ్రటి తొర్ర. ఒక మూతికి తోలు బిగిస్తారు. తోలు నడిమధ్య సన్నని రంధ్రం చేసి అందులోంచి నరం పోనిస్తారు. నరం తొర్ర లోపలి నుంచి వచ్చి రెండో మూతిలోంచి బయటికి వస్తుంది. దాని కొసకు చిన్న పుల్ల కడతారు. తొర్రను చంకలో ఇరికించుకుని, అదే చేత్తో పుల్లను పట్టి నరాన్ని లాగుతూ, రెండో చేత్తో మీటుతారు. లాగితే స్వరం పైకి లేస్తుంది, వదిలితే కిందికి జారుతుంది. తబలా, డోలు కొట్టినచోటే మాట్లాడతాయి. జముకు మాత్రం మాటను సాగదీస్తుంది, ప్రశ్న వేస్తుంది, మూలుగుతుంది. మనిషి గొంతుకు దగ్గరగా వచ్చే వాయిద్యాల్లో ఇదొకటి అని నా అభిప్రాయం.

తొర్రకు పనస కర్ర మంచిదని తాత అన్నాడు. బొబ్బిలి దగ్గర గొల్లపల్లిలో వీణలు చెక్కేవాళ్ళు వాడేది కూడా పనస కర్రే. తేలికగా ఉంటుంది, నాదం పలుకుతుంది, ఆరితే పురుగు పట్టదు. కానీ పచ్చి కర్ర పనికిరాదు, ఏళ్ళ తరబడి ఆరాలి. అంత ఆరిన మొద్దు ఎక్కడ దొరుకుతుందా అని వెతుకుతుంటే మా వీధి మామ్మ ఒకావిడ పశువుల పాకలోకి తీసుకెళ్ళి చూపించింది. మూడు మూరల పనస మొద్దు. తిత్లీకి కూలిన చెట్టు. మిగిలినదంతా కలపకు అమ్మేశారు. ఈ ముక్కను మాత్రం ఆవిడ ఇవ్వలేదట. ఏడేళ్ళుగా దాని మీద కుడితి తొట్టి పెట్టుకుంది.

"మా అత్తగారు కాపురానికి వచ్చినప్పుడు నాటిన చెట్టు. వాయిస్తారంటే తీసుకువెళ్ళు" అంది. వెల చెప్పలేదు. రెండు పాత కుర్చీలు బాగుచేయించి ఇచ్చాను.

జూలై 20

మొదటి తొర్ర పగిలిపోయింది.

వడ్రంగి బాడిసతో పైన చెక్కి, తరిణి మీద గుండ్రంగా తీసి, ఉలి, కొడతి పట్టి లోపల తొలవడం మొదలుపెట్టాడు. పది అంగుళాల పొడవు, ఏడు అంగుళాల వెడల్పు. గోడ మందం అర అంగుళానికి వచ్చేసరికి టప్‌మని నెర్రె విచ్చింది. మొద్దు నడిమి చేవ ఒక పక్కకు వచ్చేలా కోసి ఉండాలి, మేము సరిగ్గా మధ్యలోంచి కోశాం. చేవ, పక్కనున్న తెల్ల కర్ర ఒకే తీరుగా ముడుచుకోవు. పని చేసినవాడు నొచ్చుకున్నాడు. తొందరపెట్టింది నేను.

రెండో ముక్కను పక్కకు జరిపి కోయించాం. ఈసారి ఒక్కరోజులో తొలవలేదు. రోజుకు కొంచెం తొలిచి, గోనె సంచి చుట్టి నీడన పెట్టి, వారం తర్వాత మళ్ళీ మొదలుపెట్టాడు. రెండు తొర్రలు నిలబడ్డాయి. పగిలిన మొదటిది పారేయలేదు, అందులో తాళాలు, నరాలు పెట్టుకుంటున్నాం.

ఆగస్టు 3

తోలు పని. వాసన గురించి రాయను.

మేక తోలును సున్నపు నీళ్ళలో నాలుగు రోజులు నానబెట్టి, వెంట్రుకలు ఊడాక, మొద్దు కత్తితో లోపలి కొవ్వు గీకాలి. మొదటి తోలు వానకు సరిగ్గా ఆరక కుళ్ళింది. ఈ నెలలో మా తీరంలో గాలిలోనే నీళ్ళుంటాయి. రెండో తోలుకు ఉప్పు ఎక్కువ పట్టించి, వంటింటి పొయ్యి మీద చూరుకు కట్టాం. ఆ ఇంటి ఇల్లాలు మూడు రోజులు నాతో మాట్లాడలేదు. చింతగింజల బంకతో అంటించి, నులక తాడుతో బిగించాం.

నరం తోలును కోసుకుపోకుండా బయటివైపు ఒక బిళ్ళ పెట్టాలి. తాత మొలతాడుకు కట్టుకున్న చిల్లుకాని విప్పి ఇచ్చాడు. 1940ల నాటిది, నడుమ రంధ్రం ఉన్న రాగి కాని. "మా నాన్న జముకుది. పాక పోయింది గాని ఇది బురదలో దొరికింది" అన్నాడు. ఏడేళ్ళు మొలకు కట్టుకుని తిరిగాడన్నమాట. రెండో జముకుకు తోలు బిళ్ళే పెట్టాం.

ఆగస్టు 17

కథ మొదటి పాఠం రాసి వినిపించాను. నలభై పంక్తులు. బడి వరండాలో తాత, వంతకు వచ్చిన ఇద్దరు కుర్రవాళ్ళు, ఊరి ఆడవాళ్ళు ఏడెనిమిది మంది.

ఎవరూ ఊ కొట్టలేదు.

మర్యాదగా విన్నారు. "బాగుంది మాస్టారూ" అన్నారు. ఒకావిడ బియ్యం ఏరుకుంటూ కూర్చుంది, తల ఎత్తలేదు. నేను అంతకుముందు రెండుసార్లు ప్రభుత్వ ప్రచారాల కోసం కళాజాత పాటలు రాసినవాణ్ణి. అప్పుడు కూడా ఇలాగే విన్నారు. చప్పట్లు కొట్టారు, ఇంటికి వెళ్ళిపోయారు. అప్పట్లో దాన్ని విజయం అనుకున్నాను.

అందరూ వెళ్ళాక తాత చెప్పాడు. "నువ్వు చెప్పాల్సినదంతా నువ్వే చెప్పేశావు. వాళ్ళకు ఏం మిగిల్చావు?"

తర్వాత పని నేర్పినట్టు విడమరిచి చెప్పాడు. కథకుడు మాటను పూర్తిగా అనకూడదు, చివరి ముక్క వంతకు వదలాలి. వంత దాన్ని అందుకుని జనం వైపు విసరాలి. జనం ఊ అంటే ముందుకు వెళ్ళాలి. ఊ అనకపోతే అక్కడే ఆగి, ఇంకో దారి వెతకాలి. వాళ్ళ నాన్న ఎల్లమ్మ కథ చెబుతూ ఒక ఊళ్ళో ఒకే ఘట్టం దగ్గర అరగంట ఆగిపోయాడట, ఒక ముసలమ్మ ఒప్పుకోలేదని. ఆవిడ చెప్పినట్టు మార్చి చెప్పాకే కథ కదిలిందట. ఆ మార్పు ఆ తర్వాత అన్ని ఊళ్ళలోనూ ఉండిపోయిందట.

నాకు నిద్ర పట్టలేదు. కథ అంటే నేను రాసి వాళ్ళకు అందించే సరుకు అనుకుంటున్నాను ఇన్నేళ్ళుగా. కళాజాతలో మేము మాట్లాడాం, ఊరు విన్నది. జముకుల కథలో ఊరు తనతో తాను మాట్లాడుకోవాలి. కథకుడు ఆ మాట మొదలుపెట్టేవాడు మాత్రమే.

నలభై పంక్తులూ కొట్టేశాను.

ఆగస్టు 29

తెలుగు భాషా దినోత్సవం. బడిలో గిడుగు రామమూర్తి పంతులు గారి గురించి చెప్పాను. ఆయన 1863లో ఈ రోజున పుట్టింది మన జిల్లాలోనే, శ్రీముఖలింగం దగ్గర పర్వతాలపేటలో. పుస్తకాల భాష జనం భాష కావాలని జీవితమంతా వాదించినవాడు, గిరిజనులైన సవరల భాష నేర్చుకుని వాళ్ళ కోసం పుస్తకాలు రాసినవాడు. పిల్లలకు ఇదంతా చెబుతుంటే నాకే సిగ్గేసింది. నేను కొట్టేసిన పాఠంలో "ప్రచండ వాయువులు", "విలయ తాండవం" ఉన్నాయి. మా ఊళ్ళో ఆ రాత్రి ఎవరూ వాయువు అనలేదు. గాలి అన్నారు. వాగు అనలేదు, గెడ్డ పొంగింది అన్నారు.

ఈ రోజు నుంచి కొత్త పద్ధతి. నేను రాయను. అడుగుతాను, వింటాను, వాళ్ళ మాటలనే వరసలో పెడతాను.

సెప్టెంబరు 7

పెద్ద తగాదా. ఈ ప్రాజెక్టులో ఇంతవరకు జరిగిన మంచి సంగతి ఇదే.

చెట్లు ఎటువైపు పడ్డాయి అని అడిగాను. అంతే. సముద్రం వైపు తోటలున్నవాళ్ళు తలలు నైరుతికి పడ్డాయన్నారు. చెరువు గట్టు అవతలి వాళ్ళు కాదు, ఈశాన్యానికి అన్నారు. గొంతులు పెరిగాయి. "నా డెబ్బై చెట్లు ఎటు పడ్డాయో నాకు తెలియదా?" అని ఒకాయన లేచి నిలబడ్డాడు. ఇంకొకావిడ ఇంటికి వెళ్ళి ఫోను తెచ్చి, అప్పటి ఫొటో చూపించింది. ఇద్దరి మాటా నిజమే.

తుపాను సుడి తిరుగుతూ వస్తుంది. దాని నడుమ కన్ను ఉంటుంది. మన వైపు సుడి గాలి అపసవ్య దిశలో తిరుగుతుంది కాబట్టి, కన్ను మన మీదుగా పోతే ముందు ఒక దిక్కు నుంచి గాలి కొట్టి, నడుమ ఆగి, మళ్ళీ ఎదురు దిక్కు నుంచి కొడుతుంది. మొదటి గాలికి వేళ్ళు వదులై నిలబడిన చెట్లను రెండో గాలి రెండో వైపుకు పడేసింది. నల్లబల్ల మీద బొమ్మ గీసి చూపిస్తే అందరూ కాసేపు మౌనంగా చూశారు.

అప్పుడు బియ్యం ఏరుకుంటూ తల ఎత్తని ఆ పెద్దమ్మ మొదటిసారి నోరు విప్పింది. "అవును. నడుమ ఆగింది."

సెప్టెంబరు 14

గాలి ఆగిన ఆ కాసేపటి గురించి ఈ వారమంతా ఇంటింటికీ తిరిగి అడిగాను. రాసుకున్నవి కొన్ని:

అమావాస్య వెళ్ళి రెండు రోజులు. దసరా నవరాత్రులు మొదలైన రోజు రాత్రి. చీకటి. కరెంటు ఎప్పుడో పోయింది. తెల్లవారడానికి ఇంకా సమయం ఉంది. గాలి ఒక్కసారిగా ఆగింది. చెవుల్లో హోరు మాత్రం ఉంది. ఎవరో దూరంగా పిల్లవాడిని పేరు పెట్టి పిలుస్తున్నారు. పచ్చి కొబ్బరి వాసన, విరిగిన జీడిమామిడి కొమ్మల జిగురు వాసన. చాలామంది అయిపోయిందనుకుని తలుపులు తీసుకుని బయటికి వచ్చారు. ఆవులను చూడటానికి కొందరు, ఎగిరిపోయిన రేకు వెతకడానికి కొందరు.

మళ్ళీ గాలి వచ్చింది.

పెద్దమ్మ భర్త ఆవు దగ్గరికి వెళ్ళాడు. రెండో గాలికి పాక మీద పడింది. ప్రాణం దక్కింది గాని నడుము పోయింది. ఇప్పటికీ మంచం మీదే. ఈ సంగతి నాకు ఏడేళ్ళుగా తెలుసు. గాలి ఆగినప్పుడు వెళ్ళాడని మాత్రం తెలియదు. ఆవిడ "వెళ్ళవద్దు" అనలేదట. "నేను కూడా అయిపోయిందనుకున్నాను" అంది.

ఇది కథలో పెట్టవచ్చా అని అడిగాను. పేరు లేకుండా పెట్టమంది.

తాతకు చెప్పాను. ఆయన జముకు చంకలో పెట్టుకుని మొదటి గాలిని వాయించాడు. నరం లాగుతూ, వదులుతూ, వేగం పెంచుతూ పోయి, ఒక్కసారిగా అరచేత్తో తోలును మూసేశాడు. ఏమీ లేదు. వంత కుర్రవాళ్ళు ఏదో పాడాలేమో అని నోరు తెరిచారు. చేయి ఎత్తి ఆపాడు. నిశ్శబ్దం చాలాసేపు ఉంది. నేను లెక్కపెట్టలేదు, ఊపిరి బిగబట్టి ఉన్నాను.

"ఇక్కడ మాట ఉండదు. ఇది వాళ్ళ చోటు" అన్నాడు.

సెప్టెంబరు 28

నరం గొడవ తీరింది. నైలాన్ తీగ వేసి చూశాం, బారువ వైపు చేపల వలలకు వాడేది. సాగిపోతోంది, స్వరం నిలవడం లేదు. చివరికి మేక పేగు నరమే వేశాం, పసుపు, నూనె రాసి.

రెండో జముకుకు మనిషి దొరికింది. వంతకు వచ్చే కుర్రవాడి చెల్లెలు, తొమ్మిదో తరగతి. అన్న సాధన చేస్తుంటే పక్కన కూర్చుని వినేది. ఒకరోజు వాడు లేనప్పుడు వాయిస్తుంటే తాత విన్నాడు. తన బృందంలో ఆడవేషం మగవాళ్ళే వేసేవారు కాని ఆడపిల్ల జముకు పట్టడం తాను చూడలేదన్నాడు. తర్వాత ఆ పిల్ల చంక కింద జముకు ఎత్తు సరిచేసి, "మోచేయి దగ్గరగా పెట్టు అమ్మా, లేకపోతే నరం గీరుతుంది" అన్నాడు. చర్చ అంతటితో ముగిసింది.

కథ ఇప్పుడు గంటంపావు వస్తోంది. మొదలు ఇలా కుదిరింది. పంక్తులు నావి కావు, ఊళ్ళో విన్న మాటలను తాత వరసలో కూర్చినవి:

అమాస వెళ్ళిన రాత్రి, ఆకాశాన చుక్క లేదు
దీపమారిన ఇంట్లోన, దిక్కు తెలిపే మనిషి లేడు
సీతాకోకచిలుకంట, దానికి పెట్టిన పేరంట
రెక్క ఒక్కటి విదిలిస్తే, తోట నేలన పడెనంట

తిత్లీ అంటే సీతాకోకచిలుక అని చెప్పినప్పుడు ఆడవాళ్ళు నమ్మలేదు. తుపాన్లకు తీరదేశాలు ముందే పేర్లు ఇచ్చి పెట్టుకుంటాయని, ఈ పేరు పాకిస్తాన్ ఇచ్చిందని వివరించాను. "అంత మంచి పేరు దీనికా?" అని ఒకావిడ కోపగించుకుంది. తాత ఆ కోపాన్ని వదల్లేదు, ఆ చివరి రెండు పంక్తులు అక్కడి నుంచి వచ్చాయి.

కొందరు కిడ్నీ జబ్బు సంగతి కూడా చేర్చమన్నారు. ఉద్దానంలో ఆ బాధ లేని వీధి లేదు. చాలా ఆలోచించాను. వద్దన్నాను. అది ఒక రాత్రి కథ కాదు. దానికి వేరే కథ కట్టాలి, వేరే ఏడాది కావాలి. నీళ్ళ ముక్క ఒకటి మాత్రం ఉంచాం. కరెంటు లేక మోటార్లు ఆగిపోతే, కూలిన చెట్ల బొండాలు కొట్టుకుని వాటి నీళ్ళతోనే పిల్లల దాహం తీర్చిన మూడు రోజులు. పడిపోయిన చెట్టే నీళ్ళిచ్చిందన్న మాట దగ్గర సాధనలో వంత కుర్రవాడి గొంతు బొంగురు పోయింది. తాత వాడిని మందలించలేదు.

అక్టోబరు 5

నాలుగు రోజులుగా వాన. రెండు జముకులూ మూగబోయాయి. తోలు మెత్తబడితే తడి గోనె మీద కొట్టినట్టుంటుంది. కొబ్బరి మట్టల మంట వేసి సెగ చూపిస్తే బిగుస్తుంది, పావుగంటకు మళ్ళీ సడలుతుంది. 11న కూడా వాన పడితే పక్కన నిప్పుల కుంపటి పెట్టుకోవాలి. కుంపటి చూసే పని మూడో తరగతి వాడికి అప్పగించాను. ప్రశ్న వాడిదే కదా.

ఖర్చు లెక్క: తోళ్ళు, నరాలు, బంక, తాడు కలిపి తొమ్మిది వందలు. వడ్రంగి కూలి రెండు వేల ఎనిమిది వందలు. తాత, వంతలకు ఇచ్చినది వేరే పుస్తకంలో ఉంది. సగం నేను, సగం ఊరి చందా. మైకు పెట్టిస్తామని ఒకరు ముందుకొచ్చారు. వద్దన్నాం. మైకులో జముకు మూలుగు వినిపించదు, పైగా జనం దూరంగా కూర్చుంటారు.

అక్టోబరు 11, రాత్రి

వాన లేదు. రచ్చబండ చుట్టూ నూట యాభై మందికి పైగా ఉంటారు. మందస వైపు నుంచి కూడా కొందరు వచ్చారు. పెద్దమ్మ భర్తను మంచంతో సహా నలుగురు మోసుకొచ్చి వేప చెట్టు కింద పెట్టారు. అది నేను అడగలేదు, ఎవరు అనుకున్నారో తెలియదు.

తాత అమ్మవారికి దండం పెట్టుకుని మొదలుపెట్టాడు. ఊ కొట్టడం మొదటి పది నిమిషాల్లోనే అందుకున్నారు. సముద్రం వైపు వాళ్ళు ఒక పక్క, చెరువు గట్టు వాళ్ళు ఒక పక్క కూర్చున్నారని నేను గమనించలేదు. తాత గమనించాడు. చెట్లు పడిన ఘట్టంలో ఒకసారి ఇటు తిరిగి, ఒకసారి అటు తిరిగి అడిగాడు. రెండు వైపుల నుంచీ జవాబు వచ్చింది. నవ్వులు కూడా.

మొదటి గాలి. తాత, ఆ పిల్ల ఇద్దరూ కలిసి వాయించారు. రెండు నరాలు ఒకదాన్ని ఒకటి తరుముతున్నట్టు ఉంది. నా పక్కనున్న పిల్లవాడు కుంపటి సంగతి మరిచిపోయి నా చేయి పట్టుకున్నాడు.

తోలు మీద అరచేయి పడింది. నిశ్శబ్దం.

సాధనలో ఇంతసేపు ఆగలేదు. తాత తల దించుకుని ఉన్నాడు. వంతలు కదలలేదు. దూరంగా కుక్క మొరిగింది. అప్పుడు జనంలోంచి ఒక ఆడగొంతు, గట్టిగా కాదు, పక్కవాళ్ళతో అన్నట్టు: "వెళ్ళకండి."

ఇంకొకరు అన్నారు. "అయిపోలేదు, లోపలే ఉండండి." తర్వాత నాలుగు దిక్కుల నుంచీ. "తలుపు తీయకండి." "పిల్లవాడిని పట్టుకో." "ఆవు పోతే పోనీ." ఎవరో ఏడుస్తున్నారు. పెద్దమ్మ వేప చెట్టు కింద మంచం అంచున కూర్చుని ఉంది. ఆవిడ ఏమన్నదో నాకు వినిపించలేదు, పెదవులు కదలడం చూశాను.

తాత అవన్నీ అయ్యేదాకా ఆగి, అప్పుడు అరచేయి తీశాడు. రెండో గాలి వచ్చింది.

చివర ఎవరు గెలిచారో తేల్చుకుని రమ్మని జూన్‌లో అన్నాడు కదా. నేను తేల్చలేకపోయాను, ఆయన కూడా మళ్ళీ అడగలేదు. కథ ముగింపులో కొత్త మొక్కల వరుస ఉంది. ఒకే ఎత్తు చెట్ల గురించి పిల్లవాడు అడిగిన ప్రశ్నను తాత యథాతథంగా వంతకు వదిలాడు. వంత జనానికి వదిలింది. ఈ ఏడు మొదటిసారి కాపు వచ్చిన చెట్లు ఎవరివో ఇంటి పేర్లతో సహా చెప్పుకుంటూ పోయారు. అది ఆపడం కష్టమయింది. పదకొండు దాటింది. అప్పటికి చంద్రుడు తోటల మీదికి బాగా ఎక్కి వచ్చాడు.

అక్టోబరు 19

రేపు దీపావళి. ఇంతవరకు మిగిలిన పనులు.

చిల్లుకాని ఉన్న జముకు తాత దగ్గరే ఉంటుంది, అది ఆయనదే. రెండోది ఆ పిల్ల దగ్గర ఉంది. దాని అంచు దగ్గర సన్నని నెర్రె కనిపిస్తోంది. వడ్రంగికి చూపించాలి, అవసరమైతే ఇత్తడి పట్టీ వేయించాలి.

ఆ రాత్రి జనం అన్న మాటలు నా దగ్గర ఇరవై ఆరు ఉన్నాయి, ఫోనులో పడినవి, మర్నాడు అడిగి రాసుకున్నవి. వీటిని కథలో చేర్చనా అని తాతను అడిగాను. "చేర్చకు. ఇంకో ఊళ్ళో వాళ్ళ మాటలు వాళ్ళకు ఉంటాయి" అన్నాడు. అందుకే ఆ చోట పాఠంలో ఖాళీ వదిలి, "ఇక్కడ ఆగాలి" అని మాత్రమే రాశాను.

వజ్రపుకొత్తూరు వైపు ఒక మత్స్యకారుల ఊరి నుంచి పిలుపు వచ్చింది, కార్తీకంలో చెప్పమని. వాళ్ళకు ఆ రాత్రి పడవలు పోయాయి, చెట్లు కాదు. సగం కథ మళ్ళీ కట్టాలి. వచ్చే ఆదివారం నేను, తాత, ఆ పిల్ల పొద్దున్న బస్సుకు అక్కడికి వెళ్తున్నాం. జముకులు తీసుకువెళ్ళడం లేదు. ముందు వినాలి.